లోకానికి అతుకు వేసే స్ఫటికం

విజ్ఞాన కల్పనా కథలు చదివే మన విద్యార్థుల నోట ఒక విచిత్రమైన ఊహ తరచు వినబడుతున్నది. అది ఒక స్ఫటికం. అయినా జడపదార్థం కాదు. పెరుగుతుంది, స్పందిస్తుంది, కొంతవరకు తెలుసుకొంటుంది. పూర్తి చైతన్యమూ లేదు, పూర్తి జడత్వమూ లేదు. ఈ యథార్థ జగత్తులో ఎక్కడైనా చీలిక ఏర్పడితే ఆ స్ఫటికాన్ని తెచ్చి బీటలో నాటుతారు. అది బీట అంచులను పట్టుకొని అల్లుకొంటూ పోయి, చెదరిన లోకాన్ని మళ్లీ ఒకటిగా చేస్తుంది. ఇదీ ఆ కల్పన.

ఇటువంటి కథలపై పెద్దలలో రెండు అభిప్రాయాలున్నవి. ఇవి పరీక్షలకు పనికిరాని పగటి కలలని కొందరు కోప్పడతారు. కథను కథగా చదివి ఊరుకోవాలే గాని ప్రశ్నించరాదని మరికొందరు అంటారు. మాకు ఈ రెండూ సమ్మతం కావు. కల్పన మంచిదైతే అది చదువరిని ఏదో ఒక ప్రశ్న ముంగిట నిలపాలి. ఈ కల్పన నిలిపే ప్రశ్న ఇది: రాతికీ ప్రాణికీ నడుమ మనం కట్టుకొన్న గోడ ఎంత గట్టిది? ప్రాణంతో పెరిగే రాయి, బీటలు పూడ్చే రాయి నిజంగా ఎక్కడైనా ఉన్నదా?

ఉన్నదనే మా సమాధానం. దాని జాడ కోసం దూరదేశాలకు పోనక్కరలేదు. మన జిల్లాలోనే, పులివెందుల దారిలో, వేంపల్లె చుట్టుపట్ల బండలలో అది కనబడుతుంది. అయితే కథలోని స్ఫటికం వలె అది మన పని మనకు బదులుగా చేసిపెట్టేది కాదు. ఈ భేదం గ్రహించకపోతే కథ వలన నష్టమూ కలదు. ఈ సంగతినే విద్యార్థి మిత్రులకు, కళాశాల పాలక సంఘం పెద్దలకు విన్నవించదలచాము.

మొదట స్ఫటికం సంగతి చూద్దాం. మంగలి అంగడిలో వాడే పటిక, పండుగకు పంచే కలకండ, వంటింటి ఉప్పు, ఇవన్నీ స్ఫటికాలే. పటికను వేడి నీటిలో కరిగినంత కరిగించి చల్లారనిచ్చి, అందులో ఒక చిన్న పటిక ముక్కను దారంతో వేలాడదీయండి. కొన్ని దినాలకు అది నునుపైన ముఖాలతో, పదునైన అంచులతో పెరుగుతుంది. ఇప్పుడు దాని మూల ఒకటి విరిచి మళ్లీ అదే ద్రావణంలో వేలాడదీయండి. విరిగిన చోట అది మొదట పూడుకొని, మళ్లీ పూర్వపు ఆకారానికి వస్తుంది. ఎవరూ దానికి నేర్పలేదు. తన అణువుల అమరిక ఏదో ఆ అమరికే దానికి తెలుసు. గాయాన్ని తానే మాన్పుకొనే గుణం ప్రాణం లేని స్ఫటికానికి కూడా ఇంత మాత్రం ఉన్నది.

ఈ పోలికను శాస్త్రజ్ఞులు కూడా తేలికగా తీసుకొనలేదు. 1935లో అమెరికా దేశస్థుడు వెండెల్ స్టాన్లీ పొగాకు మొక్కకు తెగులు కలిగించే వైరసును స్ఫటికంగా మార్చి చూపాడు. సీసాలో ఉన్నప్పుడు అది ఉప్పు వలె కదలని పదార్థం. ఆకు మీద రాస్తే ప్రాణి వలె సంతానాన్ని పెంచుకొంటుంది. ఈ పనికి 1946లో ఆయనకు నోబెల్ బహుమానంలో భాగం లభించింది. భౌతిక శాస్త్రజ్ఞుడు ఎర్విన్ ష్రోడింగర్ 1943లో డబ్లిన్ నగరంలో చేసిన ఉపన్యాసాలలో, వంశగుణాలను మోసే పదార్థం ఒకే నమూనా తిరిగి తిరిగి రాని ఒక వింత స్ఫటికం అయి ఉండాలని ఊహించాడు. ఆ ఉపన్యాసాలు మరుసటి సంవత్సరం గ్రంథరూపంలో వెలువడినవి. పదేండ్లు తిరగకుండానే, 1953లో, డి.ఎన్.ఎ. నిర్మాణం బయటపడినది. దానికి దారి చూపినది కూడా స్ఫటికాలను ఎక్స్-కిరణాలతో పరీక్షించే విద్యయే. 1969లో మైకేల్ క్రైటన్ 'ఆండ్రోమెడా స్ట్రెయిన్' నవలలో అంతరిక్షం నుండి వచ్చిన స్ఫటికరూప జీవిని సృష్టించినప్పుడు శూన్యంలో నుండి సృష్టించలేదు. శాస్త్రం అప్పటికే ఆ గోడలో ఒక కిటికీ తెరచి ఉంచింది.

ఇక మన ఊరి వైపు వద్దాం. వల్లూరుకు పడమరగా కమలాపురం వద్ద పాపఘ్ని నది పెన్నలో కలుస్తుంది. ఆ పాపఘ్ని వెంట ఎగువకు పోతే వేంపల్లె వస్తుంది, ఇంకా పైకి గండి వస్తుంది. విలియం కింగ్ అనే భూగర్భ శాస్త్రజ్ఞుడు కడప, కర్నూలు శిలలపై వ్రాసిన బృహద్గ్రంథం 1872లో వెలువడినది. నాటి నుండి నేటి వరకు ప్రపంచంలో భూగర్భ శాస్త్రం చదివే వారికి కడప పేరు సుపరిచితం. సుమారు 44,500 చదరపు కిలోమీటర్ల మేర నెలవంక ఆకారంలో పరచుకొన్న ఈ శిలా ప్రాంతాన్ని కడప బేసిన్ అంటారు. అందులో ఒక పొర పేరు వేంపల్లె, మరొకటి పులివెందుల, ఇంకొకటి గండికోట. మన పల్లెల పేర్లు ప్రపంచ శాస్త్ర గ్రంథాలలో ఉండగా మన పిల్లలకు ఆ సంగతి తెలియకపోవడం మాకు బాధగా ఉన్నది.

వేంపల్లె పొరలో ప్రధానమైనది డోలొమైటు అనే రాయి. సున్నపురాతికి దగ్గరి చుట్టం. ఎండకు వానకు నలిగిన దాని పైభాగం ఏనుగు చర్మం వలె ముడుతలు పడి ఉంటుంది. ఆ బండలను కొన్ని చోట్ల తేరిపార చూస్తే ఎర్రగడ్డను అడ్డంగా కోసినట్లు పొరమీద పొర, గుండ్రంగా, గోపురాలుగా, స్తంభాలుగా పేర్చిన గీతలు కనబడతాయి. వీటిని స్ట్రొమాటొలైట్లు అంటారు. 1908లో జర్మనీ శాస్త్రజ్ఞుడు ఎర్నెస్ట్ కల్కోవ్‌స్కీ పెట్టిన పేరిది. అవి నీటి అలలు గీసిన గీతలు కావు, శిల్పి ఉలి గుర్తులూ కావు. సుమారు 190 నుండి 200 కోట్ల సంవత్సరాల క్రిందట, మన జిల్లా లోతు లేని సముద్రంగా ఉన్న కాలంలో, సూక్ష్మజీవులు కట్టుకొన్న ఇండ్లవి.

ఆ జీవులను మన వృక్షశాస్త్ర పాఠాలలో నీలి ఆకుపచ్చ శైవలాలు అనేవారు. నేడు సయనోబాక్టీరియా అంటున్నారు. అవి నీటి అడుగున జిగురు చాపలుగా పరచుకొంటాయి. నీటిలో తేలివచ్చే సన్నని ఒండ్రు ఆ జిగురుకు అంటుకొంటుంది. ఇంతలో అవి నీటిలోని బొగ్గుపులుసు వాయువును ఆహారంగా గ్రహించడం వలన సున్నపు స్ఫటికాలు ఆ చాప మీద పేరుకొంటాయి. పైన ఒండ్రు, సున్నం కప్పగానే లోపలి జీవులకు వెలుతురు అందదు. అప్పుడవి ఆ పొరను దాటి పైకి ప్రాకి, క్రొత్త చాప పరుస్తాయి. మళ్లీ ఒండ్రు, మళ్లీ సున్నం, మళ్లీ ప్రాకడం. ఈ విధంగా వెలుతురు కోసం పడిన ప్రతి పాటు ఒక గీతగా రాతిలో నిలిచిపోయినది.

కథలోని స్ఫటికానికి సగం తెలివి ఉన్నదన్నారు గదా. ఈ జీవులకు మెదడు లేదు, కన్ను లేదు. అయినా వెలుతురు ఏ దిక్కున ఉన్నదో వాటికి తెలుస్తుంది. వీటిలో ఒక జాతి కణం తన గుండ్రని దేహాన్నే భూతద్దం వలె ఉపయోగించుకొంటుందని 2016లో యూరపు శాస్త్రజ్ఞులు కనిపెట్టారు. ఒక వైపు నుండి పడిన వెలుగు కణం ఆవలి అంచు మీద చుక్కగా కేంద్రీకృతమవుతుంది. కణం ఆ చుక్కకు ఎదురు దిక్కుగా, అనగా వెలుగు వచ్చే దిక్కుగా కదులుతుంది. దీనిని తెలివి అందామా, వద్దా? ఆ తీర్పును తత్త్వవేత్తలకు వదలుదాం. సగం తెలివి అనే మాటకు ఇంతకంటె చక్కని ఉదాహరణ మాత్రం మాకు తోచలేదు.

అవి చేసిన మరమ్మతు ఏమిటి? మొదటి కాలంలో భూమిని ఆవరించిన గాలిలో ప్రాణవాయువు దాదాపు లేదు. ఈ జాతి జీవులు సూర్యరశ్మితో ఆహారం వండుకొంటూ ప్రాణవాయువును బయటకు విడిచినవి. సుమారు 240 కోట్ల సంవత్సరాల క్రిందట అది గాలిలో నిలవడం ప్రారంభించినది. దాని నుండి ఏర్పడిన ఓజోను పొర సూర్యుని నుండి వచ్చే హానికర కిరణాలకు అడ్డు నిలిచినది. నేడు మనం పీల్చే ఊపిరి, చెట్టు, గొర్రె, మనిషి అనే ఈ సృష్టి విస్తారం, అంతా ఆ జిగురు చాపల పుణ్యం. వేంపల్లె బండలు ఆ మహాకార్యంలో ఒక అధ్యాయానికి సాక్ష్యం. లోకానికి అతుకు వేసిన స్ఫటికజీవి అని దేనినైనా అనదగితే దీనినే అనవచ్చును.

ఆ జీవుల వంశం నశించలేదు. ఆస్ట్రేలియా పడమటి తీరంలో షార్క్ బే అనే చోట ఉప్పు అధికంగా ఉన్న నీటిలో నేటికీ అవి రాతి గోపురాలు కడుతున్నవి. 1991లో ఆ ప్రదేశం ప్రపంచ వారసత్వ సంపదగా గుర్తింపు పొందినది. సంవత్సరానికి అర మిల్లీమీటరు మించని పెరుగుదల వాటిది. మన దేశంలోనే రాజస్థాన్‌లోని భోజుందా, ఝామర్‌కోట్రాలలో ఉన్న ప్రాచీన స్ట్రొమాటొలైట్లను భారత భూగర్భ సర్వేక్షణ శాఖ జాతీయ భూగర్భ స్మారకాలుగా ప్రకటించినది. మన వేంపల్లె బండలకూ అటువంటి మన్నన దక్కాలని కోరడం అత్యాశ కాదు.

అయితే ఇక్కడ ఒక సంగతి మరువరాదు. ఈ జీవులు లోకాన్ని బాగుచేద్దామని సంకల్పించి ప్రాణవాయువు విడువలేదు. అది వాటి వంటింటి పొగ వంటిది. పైగా ఆనాటి అనేక ఇతర జీవులకు ప్రాణవాయువు విషమే. అవి బురద అడుగుకు, గాలి సోకని చోట్లకు పారిపోవలసి వచ్చినది. ఒకరికి అతుకు అయినది మరొకరికి చీలిక అయినది. ఎవరికి మేలు, ఎవరికి కీడు అన్న విచారణ ఆ సగం తెలివికి అందదు. మన వాదం అంతా ఈ ఒక్క సంగతి మీద ఆధారపడి ఉన్నది.

ప్రకృతి చేసిన ఈ పనిని మనుష్యులు ఇప్పుడు బుద్ధిపూర్వకంగా చేయించడం నేర్చుకొంటున్నారు. హాలండు దేశంలో డెల్ఫ్ట్ సాంకేతిక విశ్వవిద్యాలయానికి చెందిన హెంక్ యోంకర్స్ 2006 నుండి సిమెంటు కాంక్రీటులో నిద్రావస్థలో ఉన్న బాక్టీరియా బీజాలను, వాటికి ఆహారంగా కాల్షియం లాక్టేటును కలిపి ప్రయోగాలు చేశాడు. గోడ బీటలు వారి నీరు లోపలికి దిగగానే ఆ బీజాలు మేలుకొంటాయి. ఆహారం తిని సున్నపురాతిని విసర్జిస్తాయి. సన్నని బీట పూడుకొంటుంది. 2020లో అమెరికాలోని కొలరాడో విశ్వవిద్యాలయం వారు ఇసుక, జెలటిన్, సయనోబాక్టీరియా కలిపి ఇటుకలు పోశారు. ఒక ఇటుకను రెండుగా విరిచి ఇసుక, పోషక ద్రవం చేర్చితే రెండు ఇటుకలు అయినవి. మూడు తరాలలో ఒకటి ఎనిమిది అయినది. వేంపల్లె బండలను కట్టిన వంశపు జీవులే ఇక్కడ కూలివారు. అయితే తేమ చాలకపోతే అవి చనిపోతాయి. కనిపెట్టి చూసుకొనే మనిషి లేకుంటే ఇటుక వట్టి ఇటుకే.

మనకు దగ్గరలోనే, బెంగుళూరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్ వారు ఇస్రో సహకారంతో 2020లో చంద్రుని మట్టిని పోలిన పొడిలో బాక్టీరియా, యూరియా కలిపి ఇటుకలు తయారుచేశారు. బంధకంగా వాడినది గోరుచిక్కుడు గింజల జిగురు. మన రైతు పెరటిలో పండే గోరుచిక్కుడు చంద్రమండలంపై ఇల్లు కట్టే ప్రయత్నంలో పాలుపంచుకొన్నదన్న మాట. అటువంటి ఇటుకలలో పడిన బీటలను బాక్టీరియాతో పూడ్చే ప్రయోగాన్ని వారు 2025లో ప్రకటించారు. మన ఎర్రగుంట్ల ప్రాంతం సిమెంటు పరిశ్రమలకు పుట్టినిల్లు. ప్రపంచంలో మనుష్యులు గాలిలోకి వదలే బొగ్గుపులుసు వాయువులో సుమారు 7, 8 శాతం సిమెంటు తయారీ నుండి వస్తున్నది. బీట పడిన కట్టడాన్ని పడగొట్టకుండా బాగుచేసుకొనే విద్య ఈ జిల్లా పిల్లలకు ఎంత అవసరమో వేరుగా చెప్పనక్కరలేదు.

అంత దూరం కూడా పోవద్దు. ప్రతి విద్యార్థి దేహంలోనూ అటువంటి స్ఫటికం ఉన్నది. ఎముకలో గట్టిదనం కాల్షియం ఫాస్ఫేటు స్ఫటికాలది. వాటి నడుమ జీవకణాలు నివసిస్తూ బరువు ఎక్కడ పడుతున్నదో గ్రహిస్తాయి. పాత ఎముకను కొన్ని తొలుస్తుంటే కొన్ని క్రొత్తది కడుతుంటాయి. పెద్దవారి అస్థిపంజరంలో ఏటా సుమారు 10 శాతం ఈ విధంగా మారుతుంది. ఎముక విరిగితే అతుకుకొనేది ఈ పని వలననే. అయినా విరిగిన చేతిని సరిగా నిలిపి కట్టేవారు లేకపోతే అది వంకరగా అతుకుకొంటుంది. అతికే శక్తి ఎముకది, సరిగా నిలపడం మనిషిది.

ఇప్పుడు కల్పన వలన కలిగే నష్టం సంగతి. స్ఫటికమే లోకాన్ని బాగుచేస్తుందన్న నమ్మకం మనకు కథల ద్వారా క్రొత్తగా వచ్చినది కాదు. బంగారు వర్తకానికి పేరుపొందిన మన ప్రొద్దుటూరులో ఉంగరపు రాళ్లకు కొదువ లేదు. ఉద్యోగం రానివాడు ఒక రాయి, పెండ్లి కుదరనివాడు ఒక రాయి, అప్పు తీరనివాడు ఒక రాయి వేలికి ధరిస్తున్నాడు. హిందువులలోనూ ముస్లిములలోనూ ఈ వాడుక ఉన్నది. అందానికి ధరిస్తే ఆక్షేపణ లేదు. చీలిన జీవితాన్ని రాయి అతుకుతుందని చేతులు ముడుచుకొని కూర్చుంటేనే చిక్కు.

వెయ్యేండ్ల క్రిందటి పండితుడు అల్‌బీరూనీ రత్నాలపై ఒక గొప్ప గ్రంథం వ్రాశాడు. పచ్చను చూస్తే పాము కన్నులు పోతాయని ఆ కాలంలో అందరూ నమ్మేవారు. ఆయన పచ్చల హారాన్ని పాముకు చుట్టి, దాని బుట్టలో పచ్చలు పరచి, వేడి కాలంలోనూ చలి కాలంలోనూ తొమ్మిది నెలలు పరీక్షించాడు. పాము కన్నులకు ఏమీ కాలేదు. ఆ మాటే వ్రాశాడు. రాయిని ప్రేమించిన వాడే రాయిని గురించిన అబద్ధాన్ని కాదన్నాడు. మా దృష్టిలో విద్యార్థికి కావలసినది ఈ గుణం.

అబద్ధపు రాళ్ల కంటె భయంకరమైనది నిజమైన రాయి చేసే కీడు. అదే వేంపల్లె పొరలో, భూగర్భం నుండి ఉడుకు శిలాద్రవం చొచ్చుకొనివచ్చి డోలొమైటును తాకిన చోట, రాతినార ఏర్పడినది. ఇంగ్లీషువారు ఆస్‌బెస్టాస్ అంటారు. స్ఫటికమే గాని దూది వలె పోగులుగా విడిపోతుంది. చూచిన వారికి అది కూడా ప్రాణమున్న రాయిగానే తోస్తుంది. పులివెందుల వద్ద బ్రాహ్మణపల్లి మొదలైన చోట్ల దీనిని తవ్వారు. నిప్పుకు కాలదు, చివికిపోదు, కనుక పైకప్పు రేకులకు, గొట్టాలకు వాడారు. ఇంటికి రక్షణ ఇచ్చిన ఈ పోగే ఊపిరితిత్తులలో చేరితే బయటకు రాదు. ఇరవై, ముప్పై, నలభై ఏండ్ల తరువాత ఆయాసంగా, కాన్సరుగా బయటపడుతుంది. ఏ రకం రాతినార అయినా కాన్సరు కలిగిస్తుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ స్పష్టంగా చెప్పినది.

అహమ్మదాబాదుకు చెందిన వినియోగదారుల విద్యా పరిశోధన కేంద్రం వేసిన వ్యాజ్యంలో 1995 జనవరి 27న సుప్రీం కోర్టు, కార్మికుని ఆరోగ్యం అతని జీవించే హక్కులో భాగమని తీర్పు చెప్పినది. రాతినార పనివారి ఆరోగ్య వివరాలను ఉద్యోగంలో చేరిన నాటి నుండి కనీసం 40 ఏండ్లు, లేక విరమించిన తరువాత 15 ఏండ్లు భద్రపరచాలని ఆదేశించినది. జబ్బు అంత ఆలస్యంగా వస్తుంది గనుకనే అంత కాలం విధించారు. బీట ఎక్కడ పడినదో వ్రాసిపెట్టడం మరమ్మతుకు మొదటి మెట్టు అని ఆ తీర్పు మనకు నేర్పుతున్నది.

వేంపల్లె పొరలోనే, ఫాస్ఫేటు కలిసిన డోలొమైటులో, యురేనియం కూడా ఉన్నది. తుమ్మలపల్లె గనికి 2007లో శంకుస్థాపన జరిగి 2012లో ప్రారంభోత్సవం జరిగినది. దేశానికి విద్యుచ్ఛక్తి కావాలి, మన వారికి ఉద్యోగాలు కావాలి, కాదనము. కాని వ్యర్థాలను నిలిపే చెరువు వలన తమ బోరు నీరు చెడినదని, అరటి తోటలు దెబ్బతిన్నవని చుట్టుపట్ల రైతులు ఫిర్యాదు చేశారు. సంస్థ ఆ ఆరోపణను ఒప్పుకొనలేదు. ఈ వివాదంలో తీర్పరులం కాము. మా బాధ వేరు. త్రాగునీటిలో లీటరుకు 30 మైక్రోగ్రాములకు మించి యురేనియం ఉండరాదని ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచించిన సంగతి ఆ పల్లెల నుండి మన కళాశాలకు వచ్చే విద్యార్థులలో ఎందరికి తెలుసు? తన ఊరి నీటి పరీక్ష కాగితాన్ని చదివి తండ్రికి విప్పిచెప్పగల డిగ్రీ విద్యార్థులు ఎందరు? చదువు ఆ పనికి రాకపోతే మరి దేనికి వస్తుంది?

ఒకే రాతి పొరలో ఊపిరి ఇచ్చిన జీవుల ఇండ్లున్నవి, ఊపిరి తీసే పోగులున్నవి, వెలుగూ విషమూ రెండూ కాగల యురేనియమూ ఉన్నది. ఏది ఎప్పుడు ఏమవుతుందో రాతికి తెలియదు. సగం తెలివి గల స్ఫటికం అన్నారే, ఆ తక్కిన సగం ఎవరిదన్న ప్రశ్న కథకులు వేయలేదు. అది మనుష్యులది. రాయి పెరగగలదు, అతకగలదు. ఏ బీటను ముందు పూడ్చాలి, ఎవరికి నష్టం లేకుండా పూడ్చాలి అన్న వివేకం మాత్రం మనం సమకూర్చవలసినదే.

కనుక కళాశాల పాలక సంఘం పెద్దలకు మూడు విన్నపాలు చేస్తున్నాము. మొదటిది, ఒక అద్దాల బీరువా. అందులో వేంపల్లె డోలొమైటు, జమ్మలమడుగు నాపరాయి, గండికోట రాయి, మంగంపేట ముగ్గురాయి ఉంచి, ప్రతి దానికి తెలుగులోనూ ఉర్దూలోనూ పేరు, వయస్సు, ఉపయోగం వ్రాయాలి. తెలుగులో స్ఫటికం, ఉర్దూలో బిల్లౌర్ అన్న మాటలు పక్కపక్కన చదివిన విద్యార్థికి రెండు భాషలూ ఒకే లోకాన్ని చూపుతున్నవని తెలుస్తుంది. మనం నిత్యం వాడే మరమ్మతు అన్న మాట కూడా ఉర్దూ ద్వారా తెలుగుకు వచ్చినదే గదా. రాళ్లను నేలపై రాలినవి ఏరుకోవాలే గాని స్ట్రొమాటొలైట్ల బండలను పగులగొట్టరాదు. రాతినారను ఎవరూ ముట్టరాదు, దాని చోట బొమ్మ చాలు.

రెండవది, ఏటా ఒక దినం వేంపల్లె యాత్ర. ఒక బస్సు, నాలుగు భూతద్దాలు, భూగర్భ శాస్త్రం తెలిసిన ఒక అధ్యాపకుడు చాలు. మూడవది, గనులలో పనిచేసిన పెద్దలు ఉన్న ఇండ్ల విద్యార్థులు, వారి సమ్మతితో, ఏ గనిలో ఎన్నేండ్లు పనిచేశారు, ఇప్పుడు ఆరోగ్యం ఎట్లున్నది అన్న సంగతులు వ్రాసి కళాశాలలో భద్రపరచాలి. వైద్యునికైనా న్యాయస్థానానికైనా రేపు ఆ కాగితం అవసరం కావచ్చును.

మన కళాశాల చిన్నది, నిధులు తక్కువ, పిల్లలకు ఉద్యోగాలు ముఖ్యమని ఎవరైనా అనవచ్చును. ఉద్యోగాల మాట నిజమే. కాని ఈ జిల్లాలో ఉద్యోగాలు అధికభాగం రాతి నుండే వస్తున్నవి. సిమెంటు రాయి, నాప రాయి, ముగ్గురాయి, యురేనియం, అన్నీ రాళ్లే. రాయిని ఎరుగనివాడు ఆ పరిశ్రమలో కూలివాడుగా మిగులుతాడు. ఎరిగినవాడు దానిని నడపగలడు, అవసరమైతే నిలదీయగలడు.

విద్యార్థి మిత్రులారా, విచిత్రమైన కథలు చదవండి, మీరూ వ్రాయండి. లోకానికి అతుకు వేసే స్ఫటికాన్ని ఇంకా ఎన్ని విధాలుగానైనా ఊహించండి. ఆ కథలో స్ఫటికంతో పాటు దానికి తేమ తగిలించి, ఎండ చూపించి, ఏ బీటలో నాటాలో నిర్ణయించే మనిషిని కూడా చేర్చండి. ఆ మనిషి ఊరు వేంపల్లె కావచ్చును, పులివెందుల కావచ్చును, మన వల్లూరైనా కావచ్చును.